నోడా కోగో
నోడా కోగో (1893–1968) జపాన్ సినీ రచయిత. 1927లో దర్శకుడు ఒజు యసుజిరో తొలి చిత్రానికి రచన చేసిన ఆయన, 1949 నాటి ‘బన్‌షున్’ మొదలు 1962 నాటి ‘సన్మా నో అజి’ వరకు ఆ దర్శకుని చిత్రాలన్నింటికీ ఆయనతో కలిసి స్క్రీన్‌ప్లే, అనగా సన్నివేశాల వరుసను, సంభాషణలను నిర్దేశించే చిత్రరచన, సమకూర్చాడు. కూతురి పెళ్లి, తండ్రి ఒంటరితనం వంటి ఇంటింటి విషయాలే ఈ రచనలకు ఇతివృత్తాలు కాగా, కథ మలుపులకంటె పాత్రల స్వభావమే వాటిని నడిపిస్తుంది. ఈ రచనల్లో కనిపించే, ముఖ్య ఘటనను చూపక దాని ముందువెనుకలను మాత్రమే చూపే పద్ధతిని ఎల్లిప్సిస్ అంటారు. ‘బన్‌షున్’లో పెళ్లి తెరపై కనిపించకపోయినా, కూతురిని సాగనంపి ఇల్లు చేరిన తండ్రి మౌనంలో దాని బరువంతా వ్యక్తమవుతుంది. కన్నబిడ్డలను చూడవచ్చిన వృద్ధ దంపతుల కథ ‘టోక్యో మొనొగతారి’ (1953) ఈ నిరాడంబర శైలికి పరాకాష్ఠ.