బొమ్మ పక్కన గొంతు

జపాన్‌లో బొమ్మ ఒంటరిగా కథ చెప్పడం అరుదు. దాని పక్కన చాలాసార్లు ఒక గొంతు ఉండేది. మధ్యయుగంలో బౌద్ధ భిక్షువులు పటాలు చూపిస్తూ స్వర్గనరకాలను వివరించేవారు. ఆ పద్ధతికి ఎతోకి అని పేరు.

ఆ గొంతుకు రంగస్థలం మీద పెద్దపీట వేసినవాడు తకెమోతో గిదయు. 1684లో ఆయన ఒసాకాలో బొమ్మలాట శాల తెరిచాడు. తయూ అనే కథకుడొక్కడే యోధుడిగా, పసిపిల్లగా, విరహిణిగా గొంతు మారుస్తుంటే పక్కన షామిసెన్ అనే మూడు తంతుల వాద్యం మోగుతుంది. ఆ శాల కోసమే చికమత్సు మొంజయెమోన్ 1703లో 'సొనెజకి షింజూ' రాశాడు. సోయా సాస్ దుకాణంలో గుమస్తా, ఒక వేశ్య కలిసి ప్రాణాలు తీసుకునే ఆ కథకు అదే ఏడాది జరిగిన ఘటనే ఆధారం. లోకానికి తీర్చాల్సిన రుణం గిరి, మనసు కోరేది నింజో. ఈ రెంటి నడుమ నలిగే మనిషి కబుకీ నాటకానికీ, తర్వాత సినిమాకూ తరగని వస్తువయ్యాడు.

మూకీ చిత్రాలు వచ్చినప్పుడు జపాన్ వాటిని మూగగా వదిలేయలేదు. తెర పక్కన నిలబడి బెన్షి అనే వ్యాఖ్యాత అన్ని పాత్రలకూ మాట ఇచ్చేవాడు. తారల కోసం కాక బెన్షి కోసమే టికెట్టు కొన్నవారు ఎందరో. 1931లో టాకీ రావడంతో ఆ వృత్తి కూలింది, సమ్మెలు జరిగాయి. దర్శకుడు అకిరా కురొసావా అన్న హెయిగో కూడా బెన్షియే. 1933లో ఆత్మహత్య చేసుకున్నాడు. ఒక కళ అంతరించేటప్పుడు మనుషులు చెల్లించిన మూల్యం ఇది.

అప్పటి ఆర్థిక మాంద్యపు రోజుల్లోనే కమిషిబాయి అనే బొమ్మల కథాప్రదర్శన టోక్యో వీధులకెక్కింది. సైకిలు మీద చెక్క చట్రం, అందులో ఒకదాని వెంట ఒకటి జరిగే బొమ్మ అట్టలు. కబుకీలో వాడే చెక్కలే టకటకలాడించి పిల్లల్ని పిలిచేవారు. మిఠాయిల అమ్మకమే కథకుడి జీవనాధారం. 1953లో ప్రసారాలు మొదలైన టెలివిజన్‌ను జనం 'కరెంటు కమిషిబాయి' అన్నారు. బేరం తగ్గాక చిత్రకారులు మాంగా అనే బొమ్మల కథల పుస్తకాలకు మళ్లారు. వారిలో మిజుకి షిగెరు, కమిషిబాయి నాటి కితారో అనే పాత్ర కథను తనదిగా మలచుకుని, యోకాయి అనే పల్లెటూరి భూతప్రేతాలను నగరపు పిల్లలకు చుట్టాలను చేశాడు.

1963లో తెజుకా ఒసాము 'ఆస్ట్రో బాయ్' యానిమేషన్ టీవీకి వచ్చింది. డబ్బు తక్కువ కాబట్టి బొమ్మలూ తక్కువే. కదలని ముఖం మీద భావాన్ని నిలిపే బరువు గొంతు మీద పడింది. సెయియూ అనే ఆ గాత్ర నటులకు నేడు తారలతో సమానమైన అభిమానులున్నారు.

గిదయు శాల పుట్టిన మూడు వందల ఏళ్లకు, 1984లో, ఒసాకాలోనే బున్రకు అనే ఈ బొమ్మలాటకు జాతీయ నాటకశాల తెరుచుకుంది. అక్కడ తయూ ఇప్పటికీ కథాగ్రంథాన్ని రెండు చేతులా ఎత్తి, తల వంచి, ఆ తర్వాతే గొంతు విప్పుతాడు.