కచేరీ కంటే ముందు హాలు: భాగ్యరెడ్డివర్మ పత్రికా జీవితం

షెడ్యూల్డు కులాల జాబితాలో ‘ఆది ఆంధ్ర’ అనే పేరు నేటికీ ఉంది. మా చోడవరం వైపు పేటల్లో అది అందరికీ తెలిసిన పేరే. ఎక్కణ్ణుంచి వచ్చిందంటే మాత్రం చెప్పగలిగేవాళ్ళు తక్కువ. 1917 నవంబరులో బెజవాడలో జరిగిన ‘పంచమ’ మహాసభకి హైదరాబాదు నుంచి మాదరి భాగ్యరెడ్డివర్మ (1888-1939) అధ్యక్షుడుగా వచ్చాడు. పంచములనే మాట ఏ శాస్త్రంలోనూ లేదు, ఈ నేల మొదటి మనుషులం మనమే అని వాదించి సభ పేరునే ఆది ఆంధ్ర మహాసభగా మార్పించాడు. సభ జరిగిన మూడురోజులూ కనకదుర్గ గుడి తలుపులు మూసి ఉంచారని చెబుతారు! 1922లో మద్రాసు శాసనసభ తీర్మానంతో ఆ పేరు సర్కారు కాగితాల్లోకి ఎక్కింది. విశాఖ జిల్లా అప్పుడు మద్రాసు ప్రెసిడెన్సీలోదే.

ఇది నాయకుడి కథ. మేం చెప్పదలచింది పత్రికా సంపాదకుడి కథ.

తెలుగులో కళల గురించి రాసిన జర్నలిజం అనగానే కృష్ణాపత్రికను తలుచుకుంటారు. తలుచుకోవాల్సిందే. కానీ ఆ రకం విలేకరికి హాలు, కళాకారుడు, చదివేవాడు ముందే సిద్ధంగా ఉంటారు. భాగ్యరెడ్డివర్మకి ఈ మూడింట్లో ఒక్కటీ లేదు. బారిస్టరు ఇంట్లో పనివాడుగా చేరి లోకం తెలుసుకున్న మనిషి. 1906లో జగన్మిత్ర మండలి పెట్టి హరికథలు చెప్పించాడు. అక్షరం రానివాళ్ళకి హరికథే పేపరు. 1925లో ఆది హిందువుల చిత్రాలు, చేతిపనులతో హైదరాబాదులో ప్రదర్శన పెట్టించాడు. మాల మాదిగల చేతిపని వెట్టి లెక్కలోకి పోయే రోజుల్లో, దాన్ని కళ అని బల్లమీద పెట్టి చూపించడం చిన్నపని కాదు. ఇవన్నీ అయ్యాకే 1931లో ‘భాగ్యనగర్’ పక్షపత్రిక వచ్చింది. అదే తరవాత ‘ఆది హిందూ’ అయింది. అందులో ఆయన రాసిన ‘వెట్టి మాదిగ’ను తొలి దళిత కథగా పరిశోధకులు గుర్తిస్తున్నారు. సంస్థ ముందు, పాఠకుడు తరవాత, ఆఖర్న పత్రిక. మిగతావాళ్ళకి తిరగబడి కనిపించే ఈ వరుసే మన జర్నలిజం పుట్టిన వరుస.

ఇక్కడ మాకో పేచీ కూడా ఉంది. జోగిని, ముర్ళీ ఆచారాల మీద ఆయన గట్టిగా పోరాడాడు. ఆడపిల్లను ఊరుమ్మడి చేసే ఆచారం పోవాల్సిందే, అందులో రెండోమాట లేదు. మరి ఆ ఆడవాళ్ళ పాటలేమయ్యాయి? సంస్కరణకి గౌరవంగా కనిపించింది హరికథే గానీ డప్పు కాదు. పెద్దకులాల మెప్పు పొందిన కళారూపంతోనే మన మాట చెప్పుకోవాల్సి రావడం ఆ కాలపు ఇబ్బంది. తప్పు ఒక్క ఆయనదే అనలేం.

అవమానపు గుర్తుగా చూసిన డప్పు సభల్లో తలెత్తుకు మోగడానికి కారంచేడు (1985), చుండూరు (1991) ఉద్యమాలు దాటి 1994 మాదిగ దండోరా దాకా రావాల్సి వచ్చింది. ఆ డప్పు మోత పత్రికల్లో రాజకీయ వార్తగానే అచ్చయింది, కళల పేజీకి ఎక్కలేదు.