రేవు తప్ప అన్నీ చూపించారు

విశాఖపట్నంలో ఒక్కపూట టూరంటే ఇప్పుడు ఖాయమైన దారి ఒకటుంది. పొద్దున్నే సింహాచలం, అక్కణ్నుంచి కైలాసగిరి, కొండ దిగాక తెన్నేటి పార్కు, బీచ్ రోడ్డు మీద జలాంతర్గామి, దానికి ఎదురుగా విమానం, ఆర్కే బీచ్‌లో ఓ పావుగంట, చేతిలో మొక్కజొన్న పొత్తు. భోజనాల వేళకి ఎక్కించుకున్న చోటే దింపేస్తారు. ఈ ఊళ్లో పుట్టి, ఇక్కడి పోర్టులోనే టాలీ క్లర్కుగా చేసి రిటైరైన నాకు ఆ బస్సుతో పనేముంది? కరీంనగర్ నుంచి మా వియ్యంకులొచ్చారు. అమ్మాయి అత్తామామల్ని ఆటోల్లో తిప్పితే బాగోదని మా ఆవిడ ముందే నాలుగు సీట్లు బుక్ చేయించింది.

బస్సెక్కిన దగ్గర్నుంచీ మా వియ్యంకుడుగారిది ఒకటే ప్రశ్న. "బావగారూ, ఓడలొచ్చే జాగ ఏది? గది చూపియ్యరా?" గైడు కుర్రాడు కిటికీలోంచి దూరాన డాల్ఫిన్ నోస్ వైపు చెయ్యి చూపించి, "ఆ కొండ వెనకాలేనండీ" అని, మైకు సర్దుకుని, బీచ్‌లో తీసిన సినిమాల సంగతిలోకి వెళ్లిపోయాడు. కుర్రాణ్ని అనడానికి లేదు. పోర్టులోకి పాసు లేందే ఎవర్నీ పంపరు. కానీ ఆయన అడిగిన దాంట్లో న్యాయం ఉంది. 1901 జనాభా లెక్కల్లో ఈ ఊళ్లో ఉన్నది 40 వేల పైచిలుకు మనుషులు. దీన్ని ఇంత ఊరు చేసింది రేవు. టూరులో చూపించే వాటిలో సగానికి పైగా ఏదో ఒక రకంగా ఆ రేవు పెట్టిన భిక్షే. తీరా చూస్తే అది ఒక్కటే టూరులో లేదు.

వచ్చినవాళ్లకి ఏం చూపించాలన్నది ఈ ఊళ్లో తరానికోలా మారుతూ వచ్చింది. ఇప్పటి టూరులో ఉన్నవాటిలో పాత యాత్ర సింహాచలం అప్పన్నదే. సింహాచలం గుళ్లో కులోత్తుంగ చోళుడి కాలపు శాసనం 1098-99 నాటిది. ఇప్పుడున్న గుడిలో ముఖ్యభాగం 13వ శతాబ్దంలో తూర్పు గాంగుల నరసింహదేవుడి హయాంలో లేచింది. కళింగం మీదికి దండెత్తి వచ్చిన శ్రీకృష్ణదేవరాయలు 1516లో స్వామికి నగలిచ్చి శాసనం వేయించాడు. వీళ్లెవరూ సముద్రం చూట్టానికి రాలేదు. గుడి కొండల నడుమ పడమటి ముఖంగా, సముద్రానికి వీపు పెట్టి ఉంటుంది.

సముద్రం వైపు మొహం తిప్పింది వ్యాపారం. 1682లో ఈస్టిండియా కంపెనీ ఇక్కడ స్థావరం పెట్టుకుంది. ఇప్పుడు మేం వన్ టౌన్ అనే పాత ఊరు దాని చుట్టూ పెరిగిందే. కోట పోయి చాలా కాలమైనా కోటవీధి ఉంది. ఓడలు అప్పట్లో ఒడ్డుకి రాలేవు, దూరంగా లంగరేసుకునేవి. ఒడ్డుకీ ఓడకీ మధ్య తిరిగేవి మసూలా పడవలు. వాటి పలకల్ని మేకులతో కొట్టరు, కొబ్బరి తాళ్లతో కుడతారు. కెరటం గుద్దినప్పుడు పడవ కాస్త వంగి సాగుతుంది తప్ప విరగదు. బట్టల మూటలూ, దొరలూ, దొరసానులూ అందరూ వాటిలోనే దిగాలి.

లంగరు చోటు అంత బాహాటంగా ఉంటే ఏమవుతుందో 1804లో తెలిసింది. ఆ ఏడాది సెప్టెంబరు 15న ఫ్రెంచి అడ్మిరల్ లినువా మూడు యుద్ధనౌకలతో వచ్చి, ఇక్కడ ఆగి ఉన్న సెంచూరియన్ అనే ఇంగ్లీషు నౌక మీద పడ్డాడు. దాని కాపలాలో వచ్చిన రెండు వర్తకపు ఓడల్లో ఒకటి ఒడ్డుకి కొట్టుకుని బద్దలైంది, రెండోది ఫ్రెంచివాళ్లకి చిక్కింది. సెంచూరియన్ మాత్రం దెబ్బలు తిని కూడా నిలబడింది. బీచ్ రోడ్డు మీద యుద్ధం గురించి ఇంత చెబుతారు గానీ, ఈ తీరానికి ఎదురుగా జరిగిన ఆ పోరు గురించి ఒక్క ముక్క విన్లేదు నేను.

ఆ కాలంలో వచ్చిన దొరలు ఇక్కణ్నుంచి పట్టుకెళ్లినవి పెట్టెలు. ఇక్కడి కంసాలులు నూకమానుకీ నల్లచేవ మానుకీ ఏనుగు దంతం తాపడం చేసి బీరువాలు, రాతబల్లలు, కుట్టుపెట్టెలు తయారుచేసేవాళ్లు. దంతపు రేకు మీద సన్నని పోగరతో పూలతీగెలు చెక్కి, ఆ గీతల్లో నల్ల లక్క నింపి, పైన నున్నగా అరగదీస్తే తెల్లటి దంతం మీద సిరాతో గీసినట్టు బొమ్మ తేలుతుంది. ఇంగ్లండు ఇళ్ల బొమ్మలు కావాలంటే అవీ చెక్కేవాళ్లు. తరవాత్తరవాత కొమ్ముతోనూ, ఏదుపంది ముళ్లతోనూ చౌకరకం పెట్టెలు కూడా వచ్చాయి. లండన్‌లో విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియంలో ఆ సామాను ఉంది. మా టూరు బస్సు ఆగిన కొట్లో గవ్వల దండలూ, ప్లాస్టిక్ తాబేళ్లూ ఉన్నాయి. మా వియ్యపురాలు రెండు దండలు కొన్నారు. బావున్నాయని నేనూ అన్నాను, అనక ఏం చేస్తాను.

ఇంకొకటి కూడా గైడు లిస్టులో లేదు. గోడే వెంకట జగ్గారావు గారని జమీందారీ కుటుంబం వాడు, మద్రాసులో ఖగోళశాస్త్రం నేర్చుకుని వచ్చి 1840లో డాబాగార్డెన్స్‌లో సొంత ఖర్చుతో వేధశాల పెట్టుకున్నాడు. డాల్ఫిన్ నోస్ మీద జెండా కర్ర నిలబెట్టి, రోజూ ఓ నిర్ణీత వేళకి జెండాతో సైగ చేయించేవాడు. దాన్ని చూసి సముద్రంలోని ఓడలవాళ్లు గడియారాలు సరిచేసుకునేవారు. సముద్రంలో ఓడ ఎక్కడుందో తెలియడానికి గడియారమే ఆధారమైన రోజులవి. ఆయన పోయాక అల్లుడు అంకితం వెంకట నరసింగరావు గారు ఆ పని అందుకున్నారు. ఏవీఎన్ కాలేజీ పేరులో ఉన్నది ఆయనే.

ఇక రేవు సంగతి. మేఘాద్రి గెడ్డ సముద్రంలో కలిసే చోట డాల్ఫిన్ నోస్ వెనకాల పెద్ద ఉప్పు బురద నేల ఉండేది. కొండ గాలిని ఆపుతుంది, బురదని తవ్వితే లోతు దొరుకుతుంది. ఇది రేవుకి పనికొస్తుందని 19వ శతాబ్దం నుంచే అంటున్నారు, డబ్బులు పెట్టేవాడే లేడు. చివరికి కారణం మధ్య పరగణాల మాంగనీసు. ఆ ఖనిజం బొంబాయికో కలకత్తాకో పోయేకంటే ఇటు దిగితే దగ్గర. బెంగాల్ నాగపూర్ రైల్వే పట్టుబట్టింది. 1920ల్లో పని మొదలైంది, 1931కి రాయపూర్ నుంచి విజయనగరం రైలు దారి పూర్తయింది. 1933 అక్టోబరు 7న సింధియా కంపెనీ వారి జలదుర్గ అనే ఓడ లోపలికి వచ్చింది. డిసెంబరు 19న వైస్రాయి విల్లింగ్డన్ వచ్చి లాంఛనంగా ప్రారంభించాడు. అప్పుడున్నవి మూడే బెర్తులు.

ఇక్కడో చిక్కుంది. మా తీరంలో ఇసుక నిలకడగా ఉండదు. ఏడాదిలో ఎక్కువ రోజులు దక్షిణం నుంచి ఉత్తరానికి నడుస్తూనే ఉంటుంది. తవ్విన కాలవ నోట్లో అది పడితే రేవు పూడిపోతుంది. దానికి ఇంజినీర్లు చేసిన ఉపాయం విచిత్రమైనది. జానస్, వెల్లెడన్ అనే రెండు పాత ఓడల్ని తెచ్చి, రాళ్లు నింపి, కాలవ ముఖద్వారం దగ్గర ముంచేశారు. అవే అడ్డుగోడ. కెరటాల్ని ఆపుతాయి, ఇసుకని తమ దగ్గరే నిలబెడతాయి, అక్కణ్నుంచి డ్రెడ్జరు తోడేస్తుంది.

బాగానే ఉంది. మరి ఉత్తరానికి పోవలసిన ఇసుక ఇక్కడే ఆగిపోతే ఉత్తరాన ఉన్నదేమిటి? ఆర్కే బీచ్. దానికి రావలసిన ఇసుక రాదు, ఉన్నది కోసుకుపోతుంది. అందుకే పోర్టు డ్రెడ్జరు తోడిన ఇసుకని నీళ్లతో కలిపి పైపుల్లోంచి బీచ్ వైపు కొట్టడం ఎన్నో ఏళ్లుగా నడుస్తున్న పని. మా వియ్యంకుడుగారు చెప్పులు చేత్తో పట్టుకుని కెరటాల్లో నిలబడి, కాళ్ల కింద ఇసుక జారుతోందని చిన్నపిల్లాడిలా సంబరపడుతున్నారు. "బావగారూ, రేవు చూపించలేదన్నారుగా, మీరు నిలబడింది దాని మీదే" అన్నాను. వేళాకోళం అనుకున్నారు. ఇదంతా చెప్పేసరికి బస్సు డ్రైవరు హారన్ కొట్టాడు.

రేవు వెంటే మిగతావీ వచ్చాయి. వాల్‌చంద్ హీరాచంద్ ఓడలు కట్టే యార్డు పెడితే 1941 జూన్ 21న రాజేంద్రప్రసాద్ శంకుస్థాపన చేశారు. మరుసటి ఏడు ఏప్రిల్ 6న జపాను విమానాలు బాంబులు వేశాయి. ఊరు ఊరంతా బళ్లు కట్టుకుని పల్లెలకి పోయిందని మా నాయనమ్మ చెప్పేది. బాంబుల కంటే ఆ బండి ప్రయాణం గురించే ఎక్కువ చెప్పేదావిడ. 1948 మార్చి 14న నెహ్రూ వచ్చి ఆ యార్డులో కట్టిన జలఉష ఓడని నీళ్లలోకి వదిలాడు. నౌకాదళం, ఆ మీదట 1976లో బైలదిల్లా ఇనప ఖనిజం కోసం ఔటర్ హార్బరు, అన్నీ ఆ బురదనేల చుట్టూ చేరినవే.

ఇప్పుడు టూరులో ఉన్న వాటిని చూడండి. కురుసుర జలాంతర్గామి 1969లో నౌకాదళంలో చేరింది, 1971 యుద్ధంలో అరేబియా సముద్రం వైపు గస్తీ తిరిగింది, 2001 ఫిబ్రవరిలో విధుల నుంచి తప్పించారు, ఆ తరవాత ఇసుక మీదికి లాక్కొచ్చి 2002లో మ్యూజియం చేశారు. ఎదురుగా ఉన్న టీయూ-142 విమానం 29 ఏళ్లు ఎగిరి 2017లో దిగింది, అదే ఏడాది డిసెంబరులో మ్యూజియం అయింది. తెన్నేటి పార్కు దగ్గర 2020 అక్టోబరులో వాయుగుండానికి బంగ్లాదేశ్ సరుకు ఓడ ఒకటి కొట్టుకొచ్చి రాళ్ల మధ్య ఇరుక్కుంటే, దాన్ని చూట్టానికి జనం కుటుంబాలతో వచ్చారు. పని మానేస్తేనో, పాడైతేనో తప్ప మా ఊళ్లో దేనికీ టికెట్ పెట్టరు. పని చేస్తున్న ఓడని టూరులో చూసే వీల్లేదు.

అలాగని కురుసురని తక్కువ చెయ్యను. టూరు మొత్తంలో నాకు నచ్చింది అదే. కారణం అక్కడ వివరం చెప్పింది నౌకాదళంలో చేసి రిటైరైన మనిషి. 91 మీటర్ల పొడుగు, లోపల నడవడానికి మనిషి భుజాల వెడల్పు. ఒక గది నుంచి ఇంకో గదికి గుండ్రటి కంతలోంచి దూరాలి. మా వియ్యంకుడుగారు పంచె ఎగ్గట్టి, ముందు కాలు పెట్టాలా తల పెట్టాలా తెలీక నిలబడిపోతే, ఆ పెద్దమనిషి "కాలండీ, ముందు కాలు, తల ఆఖర్న" అని నేర్పాడు. టార్పెడోల పక్కనే పడుకునే బల్లలు. వాటిలో ఒకదాని అంచు మీద చెయ్యేసి, అలవాటుగా నిమురుతూ మాట్లాడుతున్నాడు. ఎన్ని గొట్టాలున్నాయో, ఏ తిప్పుడు చక్రం ఎటు తిప్పితే ఏమవుతుందో చెప్పాడు. పని తెలిసినవాడు చెబితే అలా ఉంటుంది.

నా పని ఎవరూ చూపించరు, చూపించడానికీ ఏం లేదు. ఓడ పక్కన నీడ చూసుకుని నిలబడి, క్రేను నుంచి స్లింగు దిగినప్పుడల్లా బస్తాలు లెక్కపెట్టి పుస్తకంలో గీతలు గీయడం. నాలుగు నిలువు, అయిదోది అడ్డం. ఓడ తరఫున ఇంకొకడు అదే లెక్క రాసుకుంటాడు. షిఫ్టు దిగేముందు రెండు పుస్తకాలూ కలవాలి. కలవకపోతే ఇద్దరం కలిసి హాచ్‌లోకి తొంగిచూస్తూ, మొదటి స్లింగు నుంచీ మళ్లీ లెక్క కట్టేవాళ్లం. కళాసీలు మాత్రం మా పుస్తకాలు చూడకుండానే ఎంత దిగిందో చెప్పేసేవాళ్లు. కంటెయినర్లు వచ్చాక బస్తాలూ లేవు, ఆ లెక్కలూ లేవు.

మర్నాడు నేనే వాళ్లని ఆటోలో వన్ టౌన్ తీసుకెళ్లాను. బాగోదన్న మా ఆవిడ కూడా ఎక్కింది. రాణిబొమ్మ, కురుపాం మార్కెట్టు, ఆ సందుల్లోంచి రాస్ హిల్. అక్కడ పక్కపక్కనే మూడు గుట్టలు, ఒక దాని మీద మేరీమాత చర్చి, ఒక దాని మీద దర్గా, ఒక దాని మీద వెంకటేశ్వరస్వామి. కింద రేవు కాలవ. బస్సు ఈ సందుల్లో తిరగదు, అందుకే ఇది ఏ టూరులోనూ ఉండదని నా అనుమానం. పైనుంచి చూస్తే ఓడలు ఎంత దగ్గరగా పోతాయంటే డెక్కు మీద బట్టలారేసుకున్నవి కనబడతాయి.

కాసేపటికి ఒకటి వచ్చింది, ముందో టగ్గు, వెనకో టగ్గు.

"దీంట్ల ఏమున్నది బావగారూ?"

"ఏమీ లేదు. అడుగున ఆ ఎర్ర రంగు చూడండి, ఎంత పైకి తేలిందో. ఖాళీగా వస్తోంది, ఇక్కడ నింపుకుని పోతుంది. సరుకుంటే ఆ ఎరుపు నీళ్లలో మునిగిపోవాలి."

ఆయన అది పట్టుకున్నారు. తరవాత బయటికి పోతున్న ఓడని చూసి నేను నోరు తెరిచేలోగా, "గిది ఫుల్లు!" అని అక్కడున్న వాళ్లందరికీ వినబడేలా చెప్పారు. నిజంగానే నిండు ఓడ. ఈలోగా ఆడవాళ్లిద్దరూ మార్కెట్లో పసుపూ, కుంకుమా, హారతి కర్పూరం కొనేసి కింద ఆటోలో కూర్చుని ఫోను చేశారు, దిగుతారా దిగరా అని. బావగారు నా ఫోను లాక్కుని, "ఇంకోటి వస్తున్నది, జర ఆగుండ్రి" అని పెట్టేశారు.