పస్తాపూర్ అమ్మలు పట్టిన కెమెరా



సెలవులకి ఊరెళ్లినప్పుడు మనం ఫోన్లో ఏం తీసుకుంటాం చెప్పండి? పెళ్లిళ్లు, గృహప్రవేశాలు, అమ్మ కలిపే ఆవకాయ. మరి అమ్మ జొన్న విత్తనాలు పురుగు పట్టకుండా ఎలా దాచేదో ఎవరైనా తీశారా? ఇన్నేళ్లు గల్ఫ్‌లో నర్సుగా చేస్తున్నా, నాకైతే ఆ ఆలోచనే రాలేదు. అందుకే ఈసారి ఆ పని చేసినవాళ్ల చరిత్ర చెబుతాను.

పాత మెదక్ జిల్లా, ఇప్పటి సంగారెడ్డి జిల్లాలో జహీరాబాద్ పక్కన పస్తాపూర్ అనే ఊరుంది. 1983లో మొదలైన దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ అక్కడే ఉంది. చుట్టుపక్కల ఊళ్లలో పేద ఆడవాళ్లు, ఎక్కువమంది దళితులు, సంఘాలు కట్టుకున్నారు. బీడు భూముల్ని బాగుచేసి జొన్న, కొర్ర, సామ, కంది వేసుకున్నారు, విత్తనం ఇంట్లోనే దాచుకున్నారు. సొసైటీ వ్యవస్థాపకుల్లో ఒకరైన పి.వి.సతీష్ అంతకుముందు దూరదర్శన్‌లో పనిచేశారు. 1990ల చివర్లో ఈ ఆడవాళ్ల చేతికే వీడియో కెమెరా వచ్చింది. వాళ్లలో చాలామందికి చదువు రాదు. 2001లో కమ్యూనిటీ మీడియా ట్రస్ట్ ఏర్పడింది.

నాకు బాగా నచ్చిందేంటంటే, కెమెరా భాషని కూడా వాళ్లు తమ మాటల్లోకి మార్చుకున్నారు. ఎదుటి మనిషి కళ్లకు సమానంగా కెమెరా పెట్టి తీసేదానికి 'సంఘం షాట్' అని పేరు పెట్టారు. సంఘంలో అందరూ ఒకే చాప మీద కూర్చుంటారు కదా, ఎక్కువా తక్కువా ఉండదు!

2002లో మన దేశంలో బీటీ పత్తికి అనుమతి వచ్చింది. మందుల ఖర్చు తగ్గుతుంది, దిగుబడి పెరుగుతుంది అన్నారు. నిజమేనా అని ఈ అమ్మలు కెమెరా పట్టుకుని వరంగల్ వెళ్లారు. ఒక్కరోజు వెళ్లి రావడం కాదు, పంటకాలమంతా అవే చేలకి మళ్లీ మళ్లీ వెళ్లారు. రైతు చెప్పింది చెప్పినట్టు తీశారు. 2003లో ఒక సినిమా, 2005లో మూడేళ్ల కథతో ఇంకొకటి వచ్చాయి. తర్వాత ఇదే పత్తి కథ కోసం దక్షిణాఫ్రికా, మాలి, ఇండోనేషియా రైతుల దగ్గరికీ కెమెరా వెళ్లింది.

2005లోనే మూడు బీటీ పత్తి రకాలకు ఆంధ్రప్రదేశ్‌లో అనుమతి పొడిగించలేదు. అదంతా ఈ సినిమాల వల్లే అని నేను అనను. ఆ తర్వాత కొత్త రకాలొచ్చాయి, ఇవాళ మన పత్తి దాదాపు అంతా బీటీయే. అంటే వాళ్లు గెలిచారని కూడా చెప్పలేం. కానీ రైతు నష్టాన్ని కూలికెళ్లే ఆడవాళ్లే రికార్డు చేసి పెట్టారు. ఇక అది జరగలేదని ఎవరూ అనలేరు.

2008 అక్టోబరులో పక్కనే మాచ్‌నూర్‌లో సంఘం రేడియో మొదలైంది. దాన్ని నడిపించిందీ ఆ ఊళ్ల ఆడవాళ్లే. విత్తనాలు, పాటలు, పశువుల జబ్బులు, అన్నీ వాళ్ల యాసలోనే. సతీష్ గారు 2023లో పోయారు. సంక్రాంతి రోజుల్లో ఎడ్లబండ్ల మీద విత్తనాలు పెట్టుకుని ఊరూరా తిరిగే పాత పంటల జాతర ఆయన కాలంలో మొదలైందే.

నాదొక్కటే మాట. ఈసారి ఊరెళ్తే ఫోన్ పట్టుకుని అమ్మ పక్కనే కింద కూర్చోండి. ఆమె కళ్లకు సమానంగా పెట్టి, "అమ్మా, ఆ రోజుల్లో విత్తనం ఎట్లా దాచేదానివి?" అని అడగండి. మధ్యలో అడ్డు రాకుండా చెప్పనివ్వండి. మా అమ్మకి డెబ్బై దాటాయి. టికెట్ బుక్ చేశాను.