సిక్కోలు సీమలో తనఖా: అప్పు అసలు వెల

ఇంటి మీదనో పొలం మీదనో తెచ్చిన అప్పుకు చివరికి ఎంత చెల్లించవలసి వస్తుందన్నది వడ్డీ రేటు ఒక్కదానితో తేలదు. ఆ అప్పు ఎన్నేళ్లు సాగుతుంది, కట్టిన ప్రతి వాయిదాలో వడ్డీకి పోగా అసలుకు ఎంత జమ అవుతుంది, మధ్యలో షరతులు మార్చే అధికారం ఎవరిది అన్న మూడు విషయాలు కలిసి దాని వెలను నిర్ణయిస్తాయి. శ్రీకాకుళం, విజయనగరం ప్రాంతాలలో గత రెండు శతాబ్దాలుగా సాగిన తనఖాల చరిత్రను ఈ కోణం నుంచి చూస్తే, చట్టం కొన్ని కాలాల్లో మొత్తం చెల్లింపుకే హద్దు గీసిందని, మరికొన్ని కాలాల్లో ఆ హద్దును చెరిపివేసి రేటును మాత్రమే పట్టించుకున్నదని, ఈ రెంటి తేడాను రైతు, కూలీ, ఇప్పుడు నెలజీతగాడు తమ ఆయుష్షుతో భరించారని కనిపిస్తుంది.

ఉత్తర సర్కారులలో శాశ్వత శిస్తు నిర్ణయానికి పునాది వేసిన మద్రాసు ప్రభుత్వ నిబంధనలు 1802లో వెలువడ్డాయి. జమీందారీని అమ్ముకోవడానికి, తాకట్టు పెట్టుకోవడానికి వీలైన ఆస్తిగా మార్చిన ఆ సంవత్సరంలోనే 34వ నిబంధన కూడా వచ్చి, అప్పుల మీద వడ్డీ ఏడాదికి నూటికి 12 దాటరాదని కట్టడి చేసింది. రుణదాత స్వాధీనంలోకి వెళ్లిన భూమి ఫలసాయాన్ని కూడా ఆ నిబంధన లెక్కలోకి తెచ్చింది: అనుమతించిన వడ్డీకి మించి భూమి నుంచి రాబడి వస్తే ఆ మిగులును అసలుకు జమ కట్టాలి, అసలూ వడ్డీ తీరిన నాడు భూమి యజమానికి తిరిగి రావాలి. ఈ ప్రాంతాలు అప్పట్లో చేరి ఉన్న గంజాం, విశాఖపట్నం జిల్లాల పల్లెల్లో ఇది ఏ మేరకు అమలైందన్నది వేరే ప్రశ్న అయినా, తనఖాకు ఒక ముగింపు ఉండి తీరాలన్న భావన అందులో స్పష్టంగా ఉంది.

ఈ ప్రాంతంలో చెలామణి అయిన తనఖాలు ప్రధానంగా మూడు రకాలు, మూడింటి వెల మూడు తీరులు. భూమి రైతు చేతిలోనే ఉండి, బాకీ తీరకపోతే కోర్టు ద్వారా వేలం వేయించుకునే హక్కు మాత్రమే రుణదాతకు ఉండేది సాదా తనఖా. గడువులోగా సొమ్ము చెల్లించకపోతే అమ్మకం ఖాయమవుతుందన్న షరతుతో పైకి విక్రయంలా రాసేది షరతు విక్రయం; చదువురాని రైతు వేలిముద్ర వేసిన కాగితం అప్పుదా అమ్మకానిదా అన్న తగాదాలు ఎక్కువ కావడంతో, ఆ షరతు అదే దస్తావేజులో ఉంటేనే దానిని తనఖాగా పరిగణించాలని 1929లో ఆస్తి బదిలీ చట్టాన్ని సవరించారు. మూడవది భోగ్య తనఖా. ఇందులో వడ్డీ రేటు రాయరు. భూమిని రుణదాత అనుభవిస్తాడు, ఆ అనుభవమే వడ్డీ, అసలు మొత్తం ఒక్కసారిగా చెల్లించిన నాడే భూమి విడుదల అవుతుంది. నూరు రూపాయలకు భోగ్యం పెట్టిన చెక్క నుంచి ఖర్చులు పోను ఏటా 18 రూపాయల ఫలం వస్తుందనుకుంటే, ఆరేళ్లకు రుణదాతకు 108 రూపాయలు ముట్టినా బాకీ నూరుకు నూరూ నిలిచే ఉంటుంది. ఇరవై ఏళ్లకు 360 ముట్టినా అంతే. ఆ చెక్కనే రైతు తిరిగి కౌలుకు తీసుకొని దున్నితే, తన భూమికి తానే మక్తా కొలుస్తూ, ఆ మక్తా ఒక్క గింజ కూడా అప్పుకు జమ కాని స్థితిలో బతికేవాడు. రేటు కనిపించని అప్పే అన్నిటికన్నా ప్రియమైనదని చెప్పడానికి ఇంతకంటే సాక్ష్యం అక్కరలేదు.

ఈ పరిస్థితి బిగుసుకోవడానికి 1855లో వచ్చిన 28వ చట్టం ఒక ముఖ్య కారణం. బ్రిటిషు ఇండియాలో వడ్డీ మీద ఉన్న పాత పరిమితులన్నిటినీ అది రద్దు చేసి, ఉభయులూ ఒప్పుకున్న వడ్డీయే చెల్లుబాటని ప్రకటించింది. అంతకు ఎంతో పూర్వం నుంచి ధర్మశాస్త్రాలలో ద్వైగుణ్య నియమం ఒకటి ఉండేది: ఒకేసారి వసూలు చేసే మొత్తం అసలుకు రెట్టింపును, అంటే వడ్డీ అసలును, మించరాదన్నది దాని సారాంశం. మనుస్మృతి ధాన్యం వంటివాటికి ఐదు రెట్ల దాకా అనుమతించినా, ఎక్కడో ఒకచోట ఆగవలసిందేనన్నది మాత్రం మారలేదు. బొంబాయి రాజధానిలోని కోర్టులు ఈ నియమాన్ని హిందువుల అప్పులకు వర్తింపజేశాయి గాని, మద్రాసు హైకోర్టు తన పరిధిలోని మొఫసిల్ జిల్లాలలో దానిని అంగీకరించలేదు. ఆ విధంగా చికాకోలు (నేటి శ్రీకాకుళం) మునసబు కోర్టుకు ఎక్కిన రైతుకు 1802 నాటి హద్దూ లేదు, శాస్త్రపు హద్దూ లేదు. దస్తావేజులో చక్రవడ్డీ రాసి ఉంటే చక్రవడ్డీయే డిక్రీ అయ్యేది.

మైదానంలో ఎత్తివేసిన ఆ హద్దు కొండల్లో తిరిగి మొలవడం ఈ చరిత్రలో విశేషమైన ఘట్టం. గంజాం, విశాఖపట్నం, గోదావరి ఏజెన్సీలలో వర్తకులు, సారా అమ్మేవారు సవరలు, జాతాపులు మొదలైన గిరిజనుల భూములను అప్పుల కింద జమ చేసుకుంటున్న తీరును చూసి మద్రాసు ప్రభుత్వం 1917లో ఏజెన్సీ ప్రాంతాల వడ్డీ, భూమి బదిలీ చట్టాన్ని తెచ్చింది. గిరిజనుడి అప్పు మీద ఏడాదికి నూటికి 24కు మించి వడ్డీ గాని, చక్రవడ్డీ గాని చెల్లదని, అన్నిటికన్నా ముఖ్యంగా, ఎన్నేళ్లు గడిచినా మొత్తం వడ్డీ అసలును మించరాదని అది శాసించింది. నూటికి 24 తక్కువ రేటు కానే కాదు. ఆ రేటున నాలుగేళ్ల రెండు నెలలకే వడ్డీ అసలుతో సమానమవుతుంది. అయితే ఆ గీత దగ్గర బాకీ పెరుగుదల ఆగిపోతుంది కనుక, కాలాన్ని సాగదీసి లాభం పొందే దారి రుణదాతకు మూసుకుపోతుంది. రేటును తగ్గించడం కన్నా మొత్తానికి హద్దు గీయడమే బలమైన రక్షణ అని గ్రహించిన ఈ చట్టం, ఆలోచనలో తన కాలానికి ఎంతో ముందున్నది.

ఆచరణలో మాత్రం అది వెనకబడింది. భూమి లేనివాడు తన శరీరాన్నే హామీ పెట్టి, అప్పు తీరేవరకు రుణదాత ఇంట చాకిరీ చేసే గొత్తి పద్ధతి విశాఖ కొండల్లో కొనసాగుతూనే ఉంది. భోగ్య తనఖాలో భూమి ఫలం వడ్డీ అయినట్టు ఇక్కడ మనిషి కష్టమే వడ్డీ అయింది, అసలు అలాగే మిగిలింది. దానిని నిషేధించడానికి 1940లో ప్రత్యేకంగా మరో నిబంధన చేయవలసి వచ్చింది. 1967 అక్టోబరు 31న లేవిడి వద్ద ఇద్దరు గిరిజనులు కాల్పులలో మరణించిన తరువాత ఉధృతమైన శ్రీకాకుళ ఉద్యమంలో అన్యాక్రాంతమైన భూములు, తీరని అప్పులు ప్రధాన సమస్యలుగా ముందుకు వచ్చాయంటే, యాభై ఏళ్ల నాటి చట్టం కాగితం దాటి ఎంత దూరం నడిచిందో ఊహించవచ్చు. 1959 నాటి భూమి బదిలీ నిబంధనను 1970లో కఠినతరం చేసి, షెడ్యూల్డు ప్రాంతంలోని భూమి తొలుత గిరిజనుడిదేనని భావించి విచారణ మొదలుపెట్టాలని నిర్దేశించింది ఈ నేపథ్యంలోనే.

మైదానపు పల్లెల్లో తనఖా తీర్చే మార్గం చాలా కాలం సముద్రం మీదుగా సాగింది. పొందూరు, నరసన్నపేట, టెక్కలి, సోంపేట వైపు నుంచి వేలాదిమంది రంగం వెళ్లి, అంటే బర్మాలోని రంగూనుకు చేరి, ఓడరేవులోను ధాన్యపు మిల్లుల్లోను కూలి చేసి పంపిన డబ్బు ఇక్కడి కుటుంబాలకు ఆధారమైంది. ఈ ఏర్పాటులో ఒక ప్రమాదం దాగి ఉంది: అప్పు ఊళ్లో ప్రతి రోజూ పెరుగుతుంది, దానిని తీర్చే రాబడి మాత్రం పరదేశపు పరిస్థితులకు లోబడి ఉంటుంది. 1930 మేలో రంగూను ఓడరేవులో తెలుగు కూలీలకు, బర్మా వారికి మధ్య చెలరేగిన అల్లర్లు, 1942లో జపాను దాడితో జరిగిన కాలినడక వలస ఆ రాబడిని తెంపివేశాయి గాని, ఏ తనఖా దస్తావేజూ వాటిని లెక్కలోకి తీసుకోలేదు.

అప్పటికే ఆర్థిక మాంద్యంలో ధాన్యం ధర కుప్పకూలడంతో, రూపాయల్లో మారని అప్పు గింజల్లో చూస్తే ఎన్నో రెట్లు బరువెక్కింది. 1935లో మద్రాసు ప్రభుత్వ అధికారి సత్యనాథన్ సమర్పించిన వ్యవసాయ రుణభారపు నివేదిక ఈ స్థితిని పరిశీలించగా, రాజాజీ మంత్రివర్గం 1938లో మద్రాసు వ్యవసాయదారుల రుణ విముక్తి చట్టాన్ని తెచ్చింది. 1932 అక్టోబరు 1కి ముందు చేసిన అప్పుల మీద 1937 అక్టోబరు 1 నాటికి మిగిలిన వడ్డీ బకాయిలన్నీ రద్దయ్యాయి. అసలుకు రెట్టింపు అప్పటికే చెల్లించిన రైతుకు మొత్తం బాకీయే తీరినట్టు లెక్క. మైదానపు కోర్టులు ఆదరించని ద్వైగుణ్య నియమం ఈ రూపంలో శాసనమై తిరిగివచ్చింది. వడ్డీ రేటు రాయని భోగ్య తనఖాలు మాత్రం మొదట ఈ చట్టానికి చిక్కలేదు. 1948 సవరణ వాటినీ పట్టుకొని, రుణదాత 30 ఏళ్లు భూమిని అనుభవించి ఉంటే తనఖా తీరిపోయినట్టేనని తేల్చింది. ముప్పై పంటలు తిన్న తరువాత అప్పు తీరిందని ఒప్పుకోవడం గొప్ప ఉదారత కాదు గాని, 1855 తరువాత అప్పటివరకు మైదానంలో ఆ మాత్రం గీత కూడా లేదు. కోర్టుకెక్కని అప్పుల సంగతి వేరు. అవి ఊరి పెద్దల పంచాయతీలలో తేలేవి, తండ్రి బాకీ కొడుకు మెడకు చుట్టుకునేది. మురపాకలో పుట్టిన కాళీపట్నం రామారావు తన ‘యజ్ఞం’ కథను అటువంటి పాత బాకీ పంచాయతీ చుట్టూ నిర్మించడం వెనుక ఈ ప్రాంతపు అనుభవమే ఉంది.

స్వాతంత్ర్యానంతరం ఇల్లు కూడా సంస్థాగత రుణానికి వస్తువైంది. ఆంధ్రప్రదేశ్ గృహనిర్మాణ సంస్థ 1979లో ఏర్పడి పేదల ఇళ్లకు అప్పులిచ్చింది. అసలు చిన్నదే అయినా వడ్డీ చేరుతూ బాకీ పేరుకుపోవడంతో, 1983 నుంచి 2011 మధ్య తీసుకున్న ఆ రుణాలను గ్రామాల్లో 10,000, మున్సిపాలిటీల్లో 15,000, నగరపాలక సంస్థల్లో 20,000 రూపాయల గరిష్ఠ చెల్లింపుతో ముగించే పథకాన్ని 2021లో ప్రకటించవలసి వచ్చింది.

బ్యాంకు గృహరుణం వీటికి భిన్నమైనది. ఇందులో ప్రతి నెలా ఒకే మొత్తం కడతారు. దానినే సమాన నెలవారీ వాయిదా, వాడుకలో ఈఎంఐ, అంటారు. భోగ్య తనఖాలో లేని మేలు ఇందులో ఉంది, ప్రతి వాయిదా అసలును ఎంతో కొంత కరిగిస్తుంది. ఆ ‘ఎంతో కొంత’ను దగ్గరగా చూడాలి. నూటికి 8.5 వడ్డీకి 20 ఏళ్ల గడువుతో 20 లక్షలు తీసుకుంటే వాయిదా సుమారు 17,356 రూపాయలు. మొదటి నెలలో అందులో 14,167 వడ్డీకే పోయి, అసలుకు 3,189 మాత్రమే జమ అవుతుంది. ఐదేళ్లలో 10.41 లక్షలు కట్టినా తగ్గిన అసలు 2.37 లక్షలు, అసలులో సగం తీరడానికి దాదాపు 13 ఏళ్ల 10 నెలలు పడుతుంది. గడువు ముగిసే నాటికి కట్టిన మొత్తం 41.65 లక్షలు. అదే అప్పును 10 ఏళ్లలో తీర్చితే వాయిదా 24,797 అయినా మొత్తం 29.76 లక్షలతో ఆగుతుంది. 30 ఏళ్లకు సాగదీస్తే వాయిదా 15,378కి దిగుతుంది గాని మొత్తం 55.36 లక్షలకు ఎక్కుతుంది. నెలకు దాదాపు రెండు వేల వెసులుబాటుకు 13 లక్షలకు పైగా ధర. ఈ రేటున గడువు పద్దెనిమిదేళ్ల ఎనిమిది నెలలు దాటితే వడ్డీ అసలును మించుతుంది, అంటే 1917లో సవరకు గీసిన గీతను నేటి ఉద్యోగి దాటేస్తాడు.

ఈ పోలికను హద్దుల్లో ఉంచి చూడాలి. ధరలు పెరిగేకొద్దీ రూపాయి విలువ తగ్గుతుంది కనుక ఇరవయ్యో ఏట కట్టే వాయిదా మొదటి ఏటి వాయిదా అంత బరువు కాదు. కట్టకుండా మిగిలే అద్దె కూడా ఒక రాబడే. కాని ఈ రెండు ఊరటలూ జీతం క్రమంగా పెరిగేవారికే పూర్తిగా దక్కుతాయి. శ్రీకాకుళం జిల్లా ఉద్దానంలో కొబ్బరి, జీడి తోటల మీద బతికే కుటుంబానికి రాబడి పంటల వారీగా వస్తుంది, వాయిదా నెలనెలా వస్తుంది; 2018 అక్టోబరులో తిత్లీ తుపాను నేలకూల్చిన కొబ్బరి చెట్టు స్థానంలో నాటిన మొక్క కాపుకు రావడానికి ఏళ్లు పడుతుంది, అప్పు మాత్రం ఒక్క నెల కూడా ఆగదు.

చలన వడ్డీ, అంటే రిజర్వు బ్యాంకు రెపో రేటు వంటి ప్రమాణాన్ని అనుసరించి మారే వడ్డీ, ఈ లెక్కను మరింత జటిలం చేసింది. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి వరకు రెపో రేటు 4 నుంచి 6.5 శాతానికి పెరిగింది. అంతకుముందు 7 శాతానికి 20 ఏళ్ల గడువుతో 20 లక్షలు తీసుకున్నవారి వాయిదా సుమారు 15,506 రూపాయలు. రేటు 9కి చేరిన తరువాతా అదే వాయిదా కడితే, అసలు దాదాపు అలాగే ఉన్న స్థితిలో గడువు 38 ఏళ్లకు పాకుతుంది, 9.5కి చేరితే నెల వడ్డీయే 15,833 అయి, వాయిదా దానికే చాలదు. వాయిదా మారలేదన్న ధీమాలో గడువు పెరగడాన్ని గమనించనివారు ఎందరో. వడ్డీ మారినప్పుడు వాయిదా పెంచాలా, గడువు పెంచాలా అన్న ఎంపికను రుణగ్రహీతకే ఇవ్వాలని, గడువు పెంచినా వాయిదా కనీసం ఆ నెల వడ్డీకైనా చాలాలని రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టులో ఆదేశించింది. వ్యక్తులు తీసుకున్న చలన వడ్డీ గృహరుణాన్ని ముందే తీర్చితే జరిమానా వేయరాదన్న నియమం 2012 నుంచే ఉంది; తొలి ఏళ్లలో అసలుకు కట్టే ప్రతి అదనపు రూపాయి మిగిలిన గడువంతటి వడ్డీని తగ్గిస్తుంది కనుక, మొత్తం చెల్లింపును తగ్గించడానికి సామాన్యుడి చేతిలో ఉన్న పెద్ద సాధనం ఇదే.

2024 అక్టోబరు 1 నుంచి ఇచ్చే రుణాలకు ముఖ్య వివరాల పత్రం తప్పనిసరి అయింది. వడ్డీతో పాటు ప్రాసెసింగు రుసుము వంటి ఖర్చులన్నీ కలిపి లెక్కించిన వార్షిక రేటు, నెలనెలా వడ్డీకి ఎంత, అసలుకు ఎంత పోతుందో చూపే పట్టిక అందులో ఉండాలి. రుణగ్రహీతకు అర్థమయ్యే భాషలో రాసి, వివరించి, అర్థమైందని సంతకం తీసుకోవాలి. ఇది ద్వైగుణ్యం వంటి హద్దు కాదు, వెల్లడి మాత్రమే. అయినా పలాసలోనో పాలకొండలోనో ఉన్న శాఖలో ఆ పత్రాన్ని తెలుగులో అడిగి తీసుకొని, చెల్లించవలసిన మొత్తాన్ని చూసిన తరువాతే సంతకం చేసే హక్కు దానివల్ల ఏర్పడింది.