మంగినపూడి ఇసుకలో పీకలు

కార్తీక పౌర్ణమి, తెల్లవారుజాము నాలుగు గంటలు. చిలకలపూడి పాండురంగస్వామి గుడి ముందు కాలు పెట్టే చోటు లేదు. భక్త నరసింహంగారి పూనికతో 1929లో వెలిసిన గుడి ఇది. స్వామి పాదాలు ఎవరైనా తాకి మొక్కవచ్చు. దర్శనం అయినవాళ్లు అయినట్టే మంగినపూడి సముద్రస్నానానికి బయల్దేరుతున్నారు. గుడివాడ నుంచీ అవనిగడ్డ నుంచీ వచ్చిన ఆటోలు, ట్రాక్టర్లు రోడ్డు పొడుగునా బారులు తీరాయి.

మేం నలుగురం బస్సు ఆగే చోట నిలబడ్డాం. చేతులకు తొడుగులు, భుజాన ఖాళీ బియ్యం సంచులు. అంతలో కుర్రాడొకడు సిగరెట్ వెలిగించాడు. అతని పక్కనే ఒక తల్లి భుజం మీద పసిపిల్ల నిద్రపోతోంది.

"తమ్ముడూ, పాప ఉంది. కాస్త ఆర్పేస్తావా?"

"నా ప్రాణం, నా ఇష్టం. మీకేంటండీ?"

2008 అక్టోబరు 2 నుంచి బస్టాపులో పొగ తాగితే 200 రూపాయల దాకా జరిమానా. ఆ మాట ముందే ఎత్తితే మనిషి మొండికేస్తాడు. అందుకే మేం హైదరాబాద్ నళినీ సత్యనారాయణగారి సంగతి చెబుతాం. ఆవిడ ఏనాడూ సిగరెట్ ముట్టలేదు. కాల్చింది భర్త. ఆయన పోయిన కొన్నేళ్లకు, 2010లో, ఆవిడకు గొంతు క్యాన్సర్ బయటపడింది. మెడకు పెట్టిన రంధ్రంతో ఊపిరి తీసుకుంటూనే బడులకూ కాలేజీలకూ వెళ్లి తన కథ తానే చెప్పారు. వింటూ వింటూ కుర్రాడు పాప వైపు చూశాడు. సిగరెట్ కింద పడేసి చెప్పుతో నలిపాడు. ఆ పీకను తీసి నా సంచిలో వేసుకున్నాను. అతను ముఖం తిప్పుకున్నాడు గానీ కోప్పడలేదు.

బీచికి చేరేసరికి తూర్పు ఎర్రబడుతోంది. నడుం లోతు నీళ్లలో ఆడవాళ్లు అరటి దొప్పల్లో దీపాలు వదులుతున్నారు. అల ఒకటి వచ్చి నాలుగు దొప్పల్ని వెనక్కి తోసింది. ఒకామె నవ్వుతూ వాటినే మళ్లీ సాగనంపింది. ఇక్కడ బస్టాపు చట్టం పనిచేయదు. 2003 నాటి పొగాకు చట్టంలో బహిరంగ ప్రదేశమంటే ఏమిటో చెబుతూనే ఆరుబయలును వదిలేశారు. ఈ ఇసుక మీద పొగ ఆపాలంటే అడగడం ఒక్కటే దారి. అడిగేవాళ్లు కావాలి. అందుకే ఏటా వస్తున్నాం.

వంగి ఏరుతున్నాం. కొబ్బరి చిప్పల మధ్య, పూల రెక్కల కింద, టీ బడ్డీ చుట్టూ ఎటు చూసినా పీకలే. ఒకటి చేతిలోకి తీసుకుని చూడండి. తడికి ఉబ్బి, గోధుమరంగు తిరిగింది. గోటితో చీలిస్తే తెల్లటి పోగులు విడిపోతాయి. చాలామంది దూది అనుకుంటారు. అది సెల్యులోజ్ అసిటేట్, అంటే ప్లాస్టిక్. ఏళ్ల తరబడి మట్టిలో కలవదు. తాగేవాడి ఛాతీలోకి పోకుండా అది పట్టుకున్న విషం నీళ్లలో పడగానే బయటికి వస్తుంది. కాల్చి పారేసిన ఒక్క పీక లీటరు నీళ్లలో నానితే, ఆ నీళ్లలో వదిలిన చేపల్లో సగం చచ్చిపోయాయని 2011లో అమెరికా పరిశోధకులు తేల్చారు. మన ఒడ్డున చేపపిల్లలు తిరిగేది ఇదే లోతు లేని నీళ్లలో.

పడవ నీడలో కూర్చున్న పెద్దాయన మమ్మల్ని చాలాసేపటి నుంచి చూస్తున్నాడు. ఎప్పుడో శ్రీకాకుళం వైపు నుంచి వలస వచ్చిన చేపల వేటగాడు. నోట్లో చుట్ట ఉంది, నిప్పు మాత్రం కనపడదు. అడ్డపొగ.

"నిప్పు లోపలికి ఎందుకు తాతా?"

"ఏటి బాబూ, సముద్రం గాలికి ఆరిపోద్ది కదా. మాది ఆకు. కాలి బూడిదైపోద్ది. మీరు ఏరే పీకలాగ ఉండిపోదు."

ఇసుక విషయంలో ఆయన అన్నది నిజమే. నోటి విషయంలో కాదు. ఈ అడ్డపొగ అంగిలిని ఏం చేస్తుందో చూడటానికి పరిశోధకులు మన రాష్ట్రంలోనే 10,169 మంది గ్రామస్తుల నోళ్లు పరీక్షించి 1971లో ఫలితాలు ప్రకటించారు. మాలో ఒకరు పళ్ల డాక్టరు. ఆమె మోకాళ్ల మీద కూర్చుని, "నోరు తెరవండి తాతగారూ" అంటూ సెల్‌ఫోన్ దీపం పట్టింది. అంగిలి పాలిపోయి బూడిదరంగుకు తిరిగింది. దాని మీద ఎర్రటి చుక్కలు. వెనకవైపు ఒకచోట చిన్న పుండు.

"నొప్పి ఉందా?"

"కారం తగిల్తే మండుద్ది."

"ఎన్నాళ్లుగా?"

ఆయన వేళ్లు మడిచాడు, మళ్లీ విప్పాడు. చెప్పలేకపోయాడు. డాక్టరమ్మ నావైపు చూసింది. ఆ చూపు నాకు తెలుసు. పుండు మామూలుదే కావచ్చు, కాకపోనూవచ్చు. చిన్న ముక్క తీసి పరీక్షిస్తే గానీ తెలియదు. సోమవారం బందరు పెద్దాసుపత్రికి రమ్మంది, తానే దగ్గరుండి చూపిస్తానంది. ఆయన తలూపాడు.

ఇలా తలూపి రానివాళ్లు చాలామంది. వాళ్లను తప్పుపట్టను. ఒక పూట వేట మానుకుంటే ఆ పూట కూలి పోతుంది. అందుకని ఆదివారం సాయంత్రమే వాళ్ల పేటకు వెళ్తాను. ఆయన వేట మీద ఉంటే ఇంట్లో వాళ్లకు చెబుతాను, పొద్దున్నే ఆటో పంపుతాను.

సంచి మూతి కట్టాను. టీ బడ్డీ వెనక ఇంకా ఏరాల్సింది చాలా ఉంది.