ఏడు నెలల దస్త్రం

ఛందస్సు మీద టపా వ్రాస్తానని మాట ఇచ్చి న్యాయస్థానాల జోలికి పోయాడేమిటీయన అనుకోకండి. పాత కాగితాలు సర్దుతుండగా నా మొదటి నియామకపు ఉత్తరువు కంటబడింది. ఎంపిక జాబితాలో నాది నాలుగవ పేరు. నా వెనుక పేర్లవారు ముగ్గురికి ఉత్తరువులు ముందు అందాయి. నా కాగితం ఎవరి బల్లమీదనో పందొమ్మిది రోజులు నిద్రపోయింది. చేరిన తేదీని బట్టి సీనియారిటీ కట్టారు. ఆ పందొమ్మిది రోజుల ఖరీదు ఇరవైరెండేళ్ల తరువాత, పదోన్నతుల వేళ గాని నాకు తెలియలేదు.

పంతుళ్ల సంగతి సరే, సుప్రీంకోర్టు న్యాయమూర్తులకైనా ఇంతే. న్యాయమూర్తుల నియామకాన్ని గురించి చెప్పే 124వ అధికరణంలో వారి వరుసను నిర్ణయించే సూత్రమేదీ లేదు. ముందుగా ప్రమాణం చేసినవారు పెద్ద, తరువాత చేసినవారు చిన్న, అది ఆచారం. ఒకే రోజున చేస్తే నిమిషాలే లెక్క. కృష్ణా జిల్లాకు చెందిన జాస్తి చలమేశ్వర్ గారు, దీపక్ మిశ్రా గారు ఇరువురూ 2011 అక్టోబరు 10న సుప్రీంకోర్టు న్యాయమూర్తులైనారు. వరుసలో మిశ్రాగారు ముందు. 2017 ఆగస్టులో ప్రధాన న్యాయమూర్తి పీఠం ఆయనకు దక్కింది. చలమేశ్వర్ గారు రెండవ స్థానంలోనే ఉండి 2018 జూన్‌లో విరమించారు. అక్కడ జాప్యమేమీ లేదు. వరుసకు ఎంత బలమున్నదో చూపడానికి చెప్పాను.

జాప్యం కథ కె.ఎం. జోసెఫ్ గారిది. ఆయన ఉత్తరాఖండ్ హైకోర్టు ప్రధాన న్యాయమూర్తిగా ఉండగా, 2016 ఏప్రిల్‌లో ఆయన ధర్మాసనం ఆ రాష్ట్రంలోని రాష్ట్రపతి పాలనను కొట్టివేసింది. మే నెలలో కొలీజియం ఆయనను మన హైదరాబాదు హైకోర్టుకు బదిలీ చేయమన్నది. ఆ దస్త్రం కదలలేదు. ఆయన ఇటు రానేలేదు; ఇక్కడ 2018 జులై దాకా తాత్కాలిక ప్రధాన న్యాయమూర్తితోనే కాలం గడిచింది.

2018 జనవరి 10న కొలీజియం జోసెఫ్ గారిని, న్యాయవాది ఇందు మల్హోత్రా గారిని సుప్రీంకోర్టుకు సిఫార్సు చేసింది. ప్రభుత్వం మూడు నెలలకు పైగా ఊరకుండి, ఏప్రిల్‌లో మల్హోత్రా గారిని నియమించి జోసెఫ్ గారి పేరును త్రిప్పి పంపింది. హైకోర్టు న్యాయమూర్తుల అఖిలభారత వరుసలో ఆయన 42వ వారనీ, కేరళకు ప్రాతినిధ్యం చాలునన్నదీ చెప్పిన కారణాలు. తీర్పుకూ దీనికీ ముడిపెట్టినవారు పలువురు, ప్రభుత్వం కాదన్నది. జులైలో కొలీజియం ఆ పేరునే మళ్ళీ పంపుతూ, ఇందిరా బెనర్జీ, వినీత్ శరణ్ గార్ల పేర్లను కొత్తగా పంపింది. ఈసారి ముగ్గురికీ నియామకాలు వచ్చాయి. వరుస మాత్రం బెనర్జీ, శరణ్, జోసెఫ్. కొందరు న్యాయమూర్తులు ముందురోజే ప్రధాన న్యాయమూర్తిని కలిసి ఆవేదన చెప్పుకున్నా, ఆగస్టు 7న అదే వరుసలో ప్రమాణాలు జరిగాయి.

ప్రభుత్వపు వాదన నిస్సారమని నేననను. బెనర్జీ, శరణ్ గార్లు 2002 ఫిబ్రవరిలో హైకోర్టు న్యాయమూర్తులైతే, జోసెఫ్ గారు 2004 అక్టోబరులో అయినారు. ముగ్గురి పేర్లూ ఒక్కసారే వచ్చి ఉంటే ఆ వరుసే న్యాయం. కాని జనవరి పేరును జులై పేర్లతో కలిపినది ఎవరు? మల్హోత్రా గారిని చూడండి. ఆమె హైకోర్టులో ఒక్కనాడైనా న్యాయమూర్తిగా కూర్చున్నవారు కారు; అయినా ఏప్రిల్‌లో ప్రమాణం చేయడం వల్ల ఈ ముగ్గురికీ పెద్ద అయినారు. హైకోర్టు అనుభవమే కొలమానమైతే అది ఎట్లా కుదిరింది? కొలమానం ప్రమాణదినమే. ఆ దినాన్ని నిర్ణయించేది దస్త్రం నడక. నడిపించేవారు ఎవరో చెప్పనక్కరలేదు గదా!

నష్టమెంత అని అడగవచ్చు. లెక్క వేశాను. 2022 ఆగస్టు 26న మన తెలుగువారు నూతలపాటి వెంకటరమణ గారు ప్రధాన న్యాయమూర్తిగా విరమించగానే, అయిదుగురి కొలీజియంలో ఏర్పడిన ఖాళీలోకి బెనర్జీ గారు వచ్చారు. సెప్టెంబరు 23న ఆమె విరమించాకే జోసెఫ్ గారి వంతు. నెలకైనా నిండని తేడా! ఇంతేనా అనిపిస్తుంది. కాని ఇది పుట్టినతేదీల చలువ. జోసెఫ్ గారు 1958 జూన్‌లో పుట్టారు, తక్కిన ఇద్దరూ 1957లో. వారే చిన్నవారై ఉంటే 2023 జూన్‌లో విరమించిన ఆయనకు కొలీజియం వంతు ఇంకా ఆలస్యమయ్యేది.

కొలీజియం మళ్ళీ పంపిన పేరును ప్రభుత్వం అంగీకరించాలన్నది 1993 నాటి తొమ్మిదిమంది న్యాయమూర్తుల తీర్పు. అట్లా పంపిన తరువాత మూడు నాలుగు వారాల్లో నియమించాలని 2021 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు గడువు కూడా చెప్పింది. మద్రాసు హైకోర్టుకు జాన్ సత్యన్ అనే న్యాయవాది పేరు 2022 ఫిబ్రవరిలో వెళ్ళింది, 2023 జనవరిలో మళ్ళీ వెళ్ళింది. మార్చి వచ్చినా నియామకం లేదు. తరువాత సిఫార్సైనవారు ముందు నియమితులైనారు. ముందు పంపిన పేర్లను ఆపడం వల్ల సీనియారిటీ తలక్రిందులవుతున్నదని కొలీజియం ఆ నెల తీర్మానంలోనే వ్రాసుకున్నది.

నా ఉత్తరువును మడిచి మళ్ళీ ట్రంకుపెట్టెలో పెట్టాను. ఛందస్సు టపా వచ్చే వారం తప్పక వ్రాస్తాను.